తెర మీద సుల్తానుకు తెలుగు రాదు

1990లో దూరదర్శన్‌లో 'ది స్వోర్డ్ ఆఫ్ టిప్పు సుల్తాన్' వచ్చినప్పుడు సీరియల్‌తో పాటు ఒక ప్రకటన కూడా వచ్చేది. ఇది కల్పన, ఇందులోని ఘట్టాలు యథార్థమని మేం చెప్పుకోవడం లేదు, టిప్పు సుల్తాన్ జీవితానికి గానీ పాలనకు గానీ దీనితో సంబంధం లేదు, భగవాన్ గిద్వానీ నవలకు ఇది నాటకరూపం మాత్రమే... స్థూలంగా ఇదీ దాని సారం. సీరియల్‌ని ఆపించాలని కొందరు కోర్టుకెక్కారు. వ్యవహారం సుప్రీంకోర్టు దాకా నడిచింది. ఆఖరికి ఈ చీటీ నుదుట అంటించుకుని టిప్పు మన ఇళ్ళలోకి వచ్చాడు.

ఆ చీటీలో ఒక మాట నిజం, ఒక మాట అబద్ధం. నవల కల్పనే. 1976లో గిద్వానీ ఇంగ్లీషులో రాసింది చరిత్ర గ్రంథం కాదు, యుద్ధమూ ప్రణయమూ కలగలిసిన నవల. కానీ 'సంబంధం లేదు' అనడమేమిటి? శ్రీరంగపట్నం ఉంది. కారన్‌వాలిస్ ఉన్నాడు. 1792 సంధిలో ఇంగ్లీషువాళ్ళకు తాకట్టు పెట్టిన ఇద్దరు పసివాళ్ళున్నారు. 1799 మే 4న కోట గుమ్మం దగ్గర పడిపోయిన శవం ఉంది. చరిత్రతో సంబంధం పెట్టుకున్న కల్పననే కదా చారిత్రక నవల అంటారు! అంతకు రెండేళ్ళ ముందు, 1988లో, భీష్మ సాహ్నీ నవల 'తమస్' గోవింద్ నిహలానీ చేతిలో టీవీకి వచ్చినప్పుడు కూడా కోర్టుకెక్కారు. దాన్ని ఆపనక్కర్లేదని సుప్రీంకోర్టు అప్పుడు తేల్చిచెప్పింది. 1987 జనవరిలో మొదలైన 'రామాయణ్'కు ఇలాంటి చీటీ అంటించాలని ఎవరికీ తోచలేదు. అంటించాలని మేమూ అనడం లేదు. ఎవరి కథ కథగా చెల్లుబాటవుతుందో, ఎవరి కథ కథ అయినందుకు సంజాయిషీ ఇచ్చుకోవాలో చూడమంటున్నాం.

అలాగని టిప్పుకు వకాల్తా పుచ్చుకోవడం మా ఉద్దేశం కాదు. సీరియల్ మీద అభ్యంతరాలన్నీ గిట్టనితనం నుంచే వచ్చాయనడం కూడా న్యాయం కాదు. కొడగులో, మలబారులో టిప్పు దండు చేసిన పనులకు సాక్ష్యాలున్నాయి. 1784లో మంగళూరు ప్రాంతపు కేథలిక్కులను వేల సంఖ్యలో శ్రీరంగపట్నానికి తోలుకుపోయాడు. వాళ్ళలో ఎందరో దారిలోనే పోయారు. మరి 1791లో మరాఠా దండు శృంగేరి మఠాన్ని కొల్లగొడితే జగద్గురువుకు కన్నడంలో ఉత్తరాలు రాసి, డబ్బూ సరుకూ పంపి, అమ్మవారిని తిరిగి ప్రతిష్ఠించుకోమన్నదెవరు? ఈ టిప్పే. ఆ ఉత్తరాలు 1916లో మఠంలోనే బయటపడ్డాయి. ఇవి రెండూ ఒకే మనిషి చేసిన పనులు. ఇలాంటివాడు దొరకడం నవలాకారుడికి అదృష్టం. గిద్వానీ మాత్రం రెండో టిప్పును ప్రేమించి మొదటివాణ్ని శుభ్రంగా కడిగేశాడు. సీరియల్ ఆ కడిగిన బొమ్మకు నగిషీలు దిద్దింది.

ఆ నగిషీల వెనక ప్రాణాలున్నాయి. 1989 ఫిబ్రవరి 8న మైసూరు ప్రీమియర్ స్టూడియోలో ఈ సీరియల్ తీస్తుండగా నిప్పంటుకుని 62 మంది చనిపోయారు. దర్శకుడు సంజయ్ ఖాన్ ఒళ్ళంతా కాలి నెలల తరబడి ఆసుపత్రిలో ఉన్నాడు. ఆ కష్టాన్ని చిన్నబుచ్చకుండానే ఒక మాట అడగాలి. నవల నుంచి తెరకు వచ్చేటప్పుడు ఏది దాటి వచ్చింది, ఏది ఏరు మధ్యలో మునిగిపోయింది?

టిప్పు రాసుకున్న ఒక చిన్న పుస్తకం ఉంది. తనకొచ్చిన కలలను తన దస్తూరీతోనే ఫార్సీలో రాసుకున్నాడు. మొత్తం 37 కలలు. దగ్గరివాళ్ళకు కూడా చూపించేవాడు కాదట. కోట పడ్డాక పడకగదిలో దొరికితే ఇంగ్లీషువాళ్ళు లండన్ పట్టుకుపోయారు. ఇప్పటికీ అక్కడే ఉంది. ఒక కలలో అందమైన పరాయి కుర్రవాడొకడు ఎదురుగా కూర్చుంటాడు. తీరా చూస్తే మగవేషం వేసుకున్న ఆడది. మేలుకున్న సుల్తాను ఆలోచించి, ఇది మరాఠాల గురించిన శకునం, పైకి మగాళ్ళలా కనిపించినా లోపల ఆడవాళ్ళేనని అర్థం చెప్పుకుంటాడు. ఈ అర్థం మనకు నచ్చదు, నచ్చనక్కర్లేదు. కానీ పులిబొమ్మల సింహాసనం వెనక శకునాలు వెతుక్కుంటూ, భయపడుతూ, తెల్లారగట్ల దీపం పెట్టుకుని కలలు రాసుకునే ఒక మనిషి కనిపించాడా లేదా? నవలాకారుడికి ఇంతకంటే ఏం కావాలి? తెర మీద మాకు మిగిలింది కత్తి. సీరియల్ పేరే కత్తి మరి.

టిప్పు వాళ్ళమ్మ సంగతి చూద్దాం. ఫాతిమా ఫఖ్రున్నీసా. కడప కోట ఖిల్లాదారు మీర్ మొయినుద్దీన్ కూతురు. ఆమె తమ్ముడు మీర్ రజా అలీ ఖాన్ గుర్రంకొండను ఏలాడు. మదనపల్లె దగ్గరి ఆ కొండ కింద ఇప్పటికీ అతని మక్బరా ఉంది. ఆమె భర్త హైదర్ అలీ 1782 డిసెంబర్ 7న ప్రాణం విడిచింది చిత్తూరు దగ్గర నరసింగరాయనిపేట గుడారంలో. అంటే ఈ కథ సగం మన రాయలసీమలో నడిచింది. సీరియల్‌లో ఆమెగా వేసింది అంతకు ముందే దేశమంతటికీ సీత అయిన దీపిక. ఆ ఎంపికను మేం తప్పు పట్టం. చాలా బాగుంది కూడా. నిన్నటి సీతను ఇవాళ ముస్లిం రాజమాతగా జనం ఒప్పుకున్నారంటే అది దూరదర్శన్ కాలపు మంచి గుణాల్లో ఒకటి. కడప కోటలో పెరిగిన పిల్ల చెవిన రోజూ ఏ భాష పడి ఉంటుందో ఎవరికీ పట్టకపోవడం ఒక్కటే మా ఫిర్యాదు. ఈ భాష సంగతికి మళ్ళీ వస్తాం.

ముందు ప్రేమ సంగతి తేల్చుకోవాలి. చారిత్రక ప్రణయ నవలను టీవీకి మలిచేవాళ్ళు ముందుగా తట్టుకునే రాయి పెళ్ళిళ్ళ సంఖ్య. 1774లో టిప్పుకు ఒకే రాత్రి రెండు నికాలు జరిగాయి. తండ్రి చూసిన పిల్ల ఒకరు, తల్లి చూసిన పిల్ల ఒకరు. ఇద్దరూ పట్టు వదలకపోతే కొడుకు ఇద్దరినీ చేసుకుని ఇంటి గొడవ తీర్చుకున్నాడు. వినడానికి నవ్వొస్తుంది. కానీ ఒకరి గదిలో దీపం వెలుగుతుంటే ఇంకొకరు ఏమనుకున్నారో రాయగలిగితే అదొక గొప్ప అధ్యాయం. ప్రేమకథకు మాత్రం ఒకే నాయిక కావాలి. నేటి ప్రేక్షకుడికి మరీ కావాలి. 'వాళ్ళకు నలుగురేసి పెళ్ళాలు' అన్న వెకిలి మాట మన వీధుల్లో ఎలాగూ ఉంది కాబట్టి, నిర్మాత దానికి జడిసి సుల్తానులందర్నీ ఏకపత్నీవ్రతులను చేస్తాడు. గౌరవిస్తున్నానని అతను అనుకుంటాడు. మేం ఎలా ఉన్నామో అలా ఉంటే గౌరవించలేనని ఒప్పుకుంటున్నానని అతనికి తట్టదు.

ఇక్కడ ఇందూ సుందరేశన్ నవల గురించి చెప్పాలి. 'ది ట్వెంటీయెత్ వైఫ్' 2002లో ఇంగ్లీషులో వచ్చింది. నూర్‌జహాన్ కథ. పేరులోనే లెక్క దాచకుండా చెప్పింది - ఇరవయ్యో భార్య. 2014లో ఎపిక్ చానల్ దీన్ని హిందీలో సీరియల్‌గా తీస్తూ 'సియాసత్' అని పేరు మార్చింది. (సియాసత్ అంటే హైదరాబాదు వాళ్ళకు ముందు గుర్తొచ్చేది 1949 నుంచి వస్తున్న ఉర్దూ దినపత్రిక. రాజకీయమన్న అర్థం తర్వాత.) పేరు మార్పు మాకు నచ్చింది. భార్యల లెక్క పోయి రాజకీయం వచ్చిందంటే కథ కూడా అటే పోతుందని ఆశపడ్డాం.

కథ అటు పోవడానికి నవలే అడ్డం. మెహ్రున్నీసా 1577లో కాందహార్ దగ్గర, ఇరాన్ నుంచి పొట్ట చేతబట్టుకుని వలస వస్తున్న కుటుంబంలో పుట్టింది. అలీ ఖులీ అనే సైనికుడితో పెళ్ళయింది. ఒక కూతురు. 1607లో బర్ద్వాన్‌లో భర్త హతమయ్యాడు. 1611లో జహంగీరును పెళ్ళాడేనాటికి ఆమెకు 34 ఏళ్ళు. చిన్నప్పటి నుంచీ సలీముకూ ఆమెకూ ప్రేమ నడిచిందన్నది తర్వాతి కాలపు కథ. ఆనాటి రాతల్లో దానికి ఆధారం లేదని 1922లోనే బేణీ ప్రసాద్ తన జహంగీరు చరిత్రలో వాదించాడు. నవల ఆ ప్రేమ మీదే నిలబడింది. అందుకు నవలను తప్పు పట్టలేం, ప్రణయ నవల చేసే పనే అది. అయితే అది పెళ్ళి దగ్గర ముగుస్తుంది. రచయిత్రి మిగతా కథను 2003లో 'ది ఫీస్ట్ ఆఫ్ రోజెస్' పేరుతో రెండో నవలగా రాసింది కాబట్టి ఆమె లెక్క సరిపోయింది. టీవీకి దొరికింది మొదటి సగం.

నిజానికి ఆ స్త్రీ కథ మొదలయ్యేది పెళ్ళి తర్వాతే. నాణేల మీద ఆమె పేరు పడింది. ఆమె ముద్రతో ఫర్మానాలు వెళ్ళాయి. 1617లో నాలుగు పులులను ఆరు గుళ్ళతో పడగొట్టిందని మొగుడే మురిసిపోతూ తన రోజనామాలో రాసుకున్నాడు. 1626లో జీలం నది ఒడ్డున మహాబత్ ఖాన్ పాదుషాను బందీ చేసినప్పుడు ఏనుగెక్కి నదిలోకి దిగి పోరాడింది. ఆగ్రాలో తండ్రికి కట్టించిన ఎతిమాద్ ఉద్ దౌలా మక్బరా పాలరాతి పనితనం చూసినవాళ్ళకు తాజ్‌మహల్ ఎక్కడి నుంచి వచ్చిందో సగం అర్థమవుతుంది. ఇన్ని పనులు చేసిన మనిషి గురించి జనం నోట నానేది గులాబీ అత్తరు. దాన్ని కనిపెట్టింది కూడా ఆమె కాదు, ఆమె తల్లి అస్మత్ బేగం. జహంగీరే ఆ మాట రాశాడు. తల్లి చేసిన పనిని కూతురి సింగారం ఖాతాలో వేశాం.

ముప్పై నాలుగేళ్ళ వితంతువును, ఒక ఆడపిల్ల తల్లిని పాదుషా కోరి చేసుకోవడం, ఆ తర్వాత పదహారేళ్ళు ఆమె రాజ్యభారం మోయడం... నేటి టీవీ ముందు కూర్చునే ఆడవాళ్ళకు ఇంతకంటే దగ్గరి కథ ఏముంది? మా పాతబస్తీలోనే భర్త పోయి, పిల్లను పెట్టుకుని, మిషన్ కుట్టుకుంటూ ఇల్లు నడిపే ఆడవాళ్ళు గల్లీకి నలుగురున్నారు. వాళ్ళు టీవీలో చూసేది మాత్రం పదహారేళ్ళ పిల్ల మేలిముసుగు తీయడం, రాకుమారుడు పావురాన్ని వదలడం.

డైలీ సీరియల్ సంగతి వేరు. అక్కడ నవల కూడా అక్కర్లేదు. 2013 జూన్ నుంచి 2015 ఆగస్టు దాకా జీ టీవీలో నడిచిన 'జోధా అక్బర్' ఫలానా నవలకు అనుసరణ కాదు. నాటకాలూ సినిమాలూ పాతకథలూ వందేళ్ళుగా పేర్చిపెట్టిన ప్రణయాల పోగు లోంచి కావలసినంత తీసుకుంది. జోధా అన్న పేరు అక్బర్ కాలపు చరిత్రల్లో ఆ రాణికి లేదు. ఆమెకు దొరికే బిరుదు మరియమ్ ఉజ్ జమానీ. సరే, పేరు పోనీండి. మాహం అంగా ఏమైందో చూడండి. ఆమె అక్బర్ పాలదాది. పసి పాదుషా తరఫున చక్రం తిప్పిన మనిషి. ఢిల్లీ పాతకోట ఎదురుగా 1561లో ఖైరుల్ మనాజిల్ అనే మసీదు, దాంట్లోనే మదర్సా కట్టించింది. ఆ గోడలు ఇంకా ఉన్నాయి. 1562 మొదట్లో అక్బర్ ఆ రాజపుత్ర కన్యను పెళ్ళాడాడు. అదే ఏడాది వేసవిలో కొడుకు ఆదం ఖాన్‌ను అక్బర్ కోట మీద నుంచి తోయించి చంపించాక, కొద్ది వారాలకే మాహం అంగా బెంగతో పోయింది. అంటే ఆ కోడలూ ఈ దాదీ ఒక చూరు కింద ఉన్నది నెలల లెక్క. సీరియల్ మాత్రం ఆమెను కోడలి గదిలోకి తొంగిచూసే గయ్యాళి అత్తను చేసి, ఎపిసోడ్ తర్వాత ఎపిసోడ్ కుట్రలు చేయించింది. మదర్సా కట్టించిన చేతికి విషం గిన్నె ఇచ్చింది.

ఇది ముస్లింల మీద పనిగట్టుకుని చేసిన కుట్ర అని మేం అనం. డైలీ సీరియల్ అత్తలందరికీ అదే గిన్నె ఇస్తుంది. వారం వారం వచ్చే రేటింగును బట్టి కథ రాస్తారు కాబట్టి, నవల నుంచి తెచ్చుకున్న పాత్రకు మొదలూ చివరా ఉండవు. నవలకు ఆఖరి పేజీ ఉంటుంది. రచయిత దాన్ని దృష్టిలో పెట్టుకునే మొదటి పేజీ రాస్తాడు. డైలీ సీరియల్‌లో ఆ ఆఖరి పేజీ ఎప్పుడొస్తుందో రాసేవాడికే తెలియదు. చరిత్రకూ ఆఖరి పేజీ ఉంటుంది, 1562 అంటే 1562. అందుకే ఆ రెండింటికీ పొత్తు కుదరదు.

ఓటీటీ వచ్చాక కొంత మారుతుందనుకున్నాం. ఎనిమిది భాగాల్లో కథ అయిపోవాలి కదా! 2021 ఆగస్టులో హాట్‌స్టార్‌లో 'ది ఎంపైర్' వచ్చింది. అలెక్స్ రూథర్‌ఫర్డ్ అనే కలం పేరుతో ఒక ఇంగ్లీషు దంపతులు రాసిన నవలే దానికి మూలం. బాబర్ కథ. విడుదలైన రోజే యాప్‌ని తీసిపారేయండంటూ సోషల్ మీడియాలో కేకలు మొదలయ్యాయి, దండెత్తి వచ్చినవాణ్ని పొగుడుతున్నారని. 1990లో చీటీ అంటించమన్నారు, 2021లో షాపే మూయమన్నారు. ముప్పై ఏళ్ళలో అంత దూరం వచ్చాం.

ఆ కేకల్లో ఎవరూ మాట్లాడనిది సీరియల్ బాగోగుల గురించి. షబానా ఆజ్మీ అమ్మమ్మగా వేసిన ఎసాన్ దౌలత్‌ను చూడడానికైనా అది చూడొచ్చు. కానీ ఉజ్బెక్ నాయకుడు షైబానీ ఖాన్‌ను చూడండి. కళ్ళ నిండా సుర్మా, పిచ్చి నవ్వు. నిజం షైబానీ ఖాన్ తుర్కీలో కవిత్వం రాసినవాడు, చదువుకున్నవాడు, క్రూరుడు కూడా. కథలో అటూ ఇటూ అందరూ ముస్లింలే అయినప్పుడు మంచి ముస్లింనీ చెడ్డ ముస్లింనీ ప్రేక్షకుడికి వేరు చేసి చూపడానికి తెర ఒక చిట్కా కనిపెట్టింది. సుర్మా ఎంత దట్టంగా ఉంటే అంత దుర్మార్గుడు. జుమ్మా నమాజుకు ముందు సుర్మా పెట్టుకునే మా పెద్దవాళ్ళు ఈ చిట్కా సంగతి ఎరగరు పాపం.

ఇప్పుడు భాష సంగతి. ఉర్దూలో కూడా తెలుగులో కూడా అన్నం తినే పత్రికా వృత్తి మాది కాబట్టి ఈ విషయం మా చెవికి వేరే రకంగా తగులుతుంది. హిందీ చారిత్రక సీరియళ్ళు తెలుగులోకి డబ్ అయి వస్తాయి. 'జోధా అక్బర్' అలాగే వచ్చింది. వీటిలో పాదుషా మాట్లాడేది మన జానపద సినిమాల రాజు తెలుగు. 'మా ఆజ్ఞ శిరసావహించు' తరహా. మధ్యమధ్య 'జహాపనా' అని తిరగమోత పెడతారు. అదే చానల్లో తర్వాతి గంటలో సినిమా పెడితే మటన్ కొట్టు సాయిబు, ఆటో సాయిబు కనిపిస్తారు. వాళ్ళు 'నమ్కి తెల్వద్ సాబ్, నిమ్కి చెప్తా' అంటారు. జనం నవ్వాలి. చనిపోయిన ముస్లింకు సంస్కృతం దట్టించిన తెలుగు, బతికున్న ముస్లింకు విరిగిన తెలుగు. కడపలో, నల్లగొండలో, గుంటూరులో మేం మాట్లాడుకునే తెలుగు ఏ గంటలోనూ వినిపించదు. దూదేకుల ఇళ్ళల్లో తరతరాలుగా తెలుగే తల్లిభాష అని, తల్లి జోకొట్టేది తెలుగులోనేనని తెర రాసేవాళ్ళకు ఎవరూ చెప్పినట్టు లేదు.

హైదర్ అలీకి చదవడం, రాయడం రాదు. అయితే ఇంట్లో మాట్లాడే హిందుస్తానీ గాక కన్నడం, మరాఠీ, తెలుగు, తమిళం ధారాళంగా మాట్లాడేవాడని ఇంగ్లీషు చరిత్రకారుడు విల్క్స్ రాశాడు. అతను టిప్పు వంశానికి మిత్రుడేం కాదు. మైసూరు సంస్థానంలో కంపెనీ రెసిడెంటుగా పనిచేసినవాడు. ఆలోచించండి. సంతకం చేయడం రాని ఒక సిపాయి అయిదు భాషలు నోట పట్టుకుని, ఆ నోటితోనే పాలెగాళ్ళను, దివాన్లను, గూఢచారులను, సాహుకార్లను నడిపించాడు. చిత్తూరు గుడారంలో ఆఖరి రోజుల్లో నీళ్ళు తెచ్చిచ్చిన మనిషితో ఏ భాషలో మాట్లాడాడో! నవల ఇలాంటిది పట్టుకోగలదు. ఒక వాక్యంలో 'అతను తెలుగులో అన్నాడు' అని రాస్తే చాలు. తెర మీద ఆ సౌకర్యం లేదు, నిజంగానే తెలుగు పలికించాలి. కింద అక్షరాలు వేసుకోవచ్చు కదా? ఇవాళ కొరియా సీరియళ్ళను పిల్లలు కింది అక్షరాలు చదువుకుంటూ చూస్తున్నారు. ప్రేక్షకుడికి అర్థం కాదన్న సాకు ఇక చెల్లదు. సుల్తాను ఒకే భాష మాట్లాడితేనే అతను పరాయివాడుగా మిగులుతాడు. అయిదు మాట్లాడితే ఈ ఊరివాడై కూర్చుంటాడు. ఆ చిక్కు ఎవరూ తెచ్చుకోరు.

మా వైపు కూడా చూసుకోవాలి. ఈ సీరియళ్ళు వచ్చినప్పుడు మా ఇళ్ళల్లో పెద్దలు ఛాతీ విప్పుకుని కూర్చునేవారు. 'హమారే బాద్షా' అనేవారు. ఎవరి బాద్షా? మాలో నూటికి తొంభై మంది తాతలు నేత నేసినవాళ్ళు, దూది ఏకినవాళ్ళు, తోళ్ళు శుద్ధి చేసినవాళ్ళు, గుర్రాలకు నాడాలు కొట్టినవాళ్ళు. అక్బర్ దర్బారులో మాకు చోటుందా? ఉంటే గుర్రపుశాలలో ఉంది. 1991లో ఖాదర్ మొహియుద్దీన్ 'పుట్టుమచ్చ' వచ్చాక, ఆ తర్వాత కథలూ కవితలూ వచ్చాక, మేం నవాబుల వారసులం కామని గట్టిగానే చెప్పుకున్నాం. కాగితం మీద చెప్పుకున్న మాట టీవీ పెట్టగానే మర్చిపోతాం. అవతలివాడు 'మీ బాబర్' అని తిట్టినప్పుడు 'మా బాబర్ కాడు' అంటాం. పొగిడినప్పుడు మాత్రం మావాడే అంటాం. నిర్మాతలకు ఈ బలహీనత బాగా తెలుసు. అందుకే కథ ఎంత పలచబడినా జరీ తగ్గదు. కింద గుర్రం పట్టుకుని నిలబడ్డవాడి ముఖం మీదికి కెమెరా ఒక్క నిమిషం పోదు.

రూఖియా బానో అయినా, ఫఖ్రున్నీసా అయినా ఈ నవలల్లో, సీరియళ్ళలో ప్రేమకు పనికొచ్చినంత సేపే ఉంటారు. వాళ్ళ వంటశాల నడిపినవాళ్ళు, వాళ్ళ ఉత్తరాలు మోసినవాళ్ళు, వాళ్ళ పిల్లలకు పాలిచ్చినవాళ్ళు ఉండరు. మాహం అంగా అలా పాలిచ్చి పైకొచ్చిన మనిషి, ఆమెకేం జరిగిందో చూశాం. ముస్లిం ఆడదాన్ని తెర మీదికి తేవాలంటే ముందు ఆమె ఎవరో ఒక రాజుకు నచ్చి తీరాలన్న షరతు ఉంది. ఆ షరతు పెట్టింది హిందూ నిర్మాతలే కాదు. సంజయ్ ఖాన్ మావాడే.

తెలుగు చానళ్ళకు చారిత్రక ప్రణయం కావాలంటే ఢిల్లీ, ఆగ్రా దాకా పోనక్కర్లేదు. ఇబ్రహీం కుతుబ్ షా అన్న చేతిలో చావు తప్పించుకుని విజయనగరం పారిపోయి, అళియ రామరాయల కొలువులో ఏడేళ్ళు గడిపి, 1550లో తిరిగొచ్చి గోల్కొండ గద్దె ఎక్కాడు. పదిహేనేళ్ళ తర్వాత అదే రామరాయల మీదికి యుద్ధానికి పోయిన సుల్తానుల్లో ఒకడయ్యాడు. అన్నం పెట్టిన చేతి మీద కత్తి ఎత్తిన రాత్రి అతనికి నిద్ర పట్టిందా? తెలుగు కవులు అతణ్ని మల్కిభరాముడన్నారు. అద్దంకి గంగాధర కవి అతనికి 'తపతీ సంవరణోపాఖ్యానం' అంకితమిచ్చాడు. అతని కొలువులోని పటాన్‌చెరు అమీన్ ఖాన్‌కు పొన్నెగంటి తెలగన 'యయాతి చరిత్ర' అంకితమిచ్చాడు. సంస్కృత పదం సోకకుండా రాసిన మొట్టమొదటి అచ్చతెలుగు కావ్యం అది. తీసుకున్నది ఒక ఖాన్.

దీన్ని ఎవరైనా నవలగా రాసి, ఎవరైనా టీవీకి తీస్తే, డబ్బింగ్ రచయిత అమీన్ ఖాన్ నోట ఏ తెలుగు పెడతాడో మాకు తెలుసుకోవాలని ఉంది. 'ఆజ్ఞ' అనే మాట మాత్రం పనికిరాదు. అది సంస్కృతం.